లొల్ల లాకుల దగ్గర లాగోస్ జోకు చెప్పాలంటే

ముందు దేశం పేరు చెప్పండి. జోకు తర్వాత. "ఆఫ్రికాలో ఒకాయన ఉన్నాడంట" అని ఎత్తుకున్నారంటే ఆ జోకు గడప దాటకముందే చచ్చినట్టు. ఆఫ్రికాలో 54 దేశాలున్నాయి. నైజీరియాలోని లాగోస్‌లో కరెంటు మీద వేసుకునే జోకు, ఈజిప్టులోని కైరోలో అధ్యక్షుడి మీద వేసుకునే జోకు, జింబాబ్వేలోని హరారేలో నోట్ల మీద వేసుకునే జోకు మూడు వేర్వేరు నొప్పుల్లోంచి పుట్టాయి. కాలవ ఇవతలి మాట కాలవ అవతల మారిపోతుందని చెప్పుకునే మనం, అంత పెద్ద ఖండాన్ని ఒక్క ఊరు చేసి మాట్లాడకూడదు.

నేను డీజిల్ మెకానిక్‌ని. 2003 నుంచి 2014 దాకా లాగోస్‌లో జనరేటర్లు బాగుచేశాను. ఇప్పుడు రావులపాలెంలో షెడ్డు పెట్టుకుని రొయ్యల చెరువుల మీద జనరేటర్లు చూస్తున్నాను. ఖాళీ దొరికిన సాయంత్రం లొల్ల లాకుల దగ్గర కాలవ గట్టు మీద కూర్చుంటాం, పదిమంది దాకా. అక్కడి కబుర్లు చెప్పమని అడుగుతారు. మన వైపు కుర్రాళ్ళు ఇప్పుడు ఘనా, టాంజానియా, నైజీరియా పనులకి వెళ్తున్నారు. వాళ్ళు సెలవుకొచ్చి అక్కడి జోకులు ఇక్కడ చెబుతుంటే వింటున్నాను. సగం జోకులు తిట్లలా వినపడుతున్నాయి. అందుకే ఇది రాస్తున్నాను.

ఆ తప్పు నేనూ చేశాను. వచ్చిన కొత్తలో లాకుల దగ్గర నైజీరియా కరెంటు జోకు చెప్పాను. అందరూ పగలబడి నవ్వారు. నవ్వు ఆగాక ఒక కుర్రాడు "అడివి మనుషులకి కరెంటెందుకులే మావయ్యా" అన్నాడు. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. పదకొండేళ్ళు నాకు అన్నం పెట్టిన ఊరు అది. నాతో ఒకే గిన్నెలో జొల్లోఫ్ అన్నం తిన్న మనుషులు వాళ్ళు. జోకులో దోషం లేదు. నేను దాన్ని వాళ్ళ ఇంట్లోంచి ఎత్తుకొచ్చి నడివీధిలో పడేశాను.

ఇప్పుడు అదే జోకు ఇలా చెబుతాను. "నైజీరియాలో కరెంటు సంస్థ పేరు నేపా. నేషనల్ ఎలక్ట్రిక్ పవర్ అథారిటీ. 1972లో పెట్టారు. ఆ దేశంలో చమురుంది, గ్యాసుంది. అయినా ఇంట్లో కరెంటు లేదు. రోజుల తరబడి ఉండేది కాదు, నేను చూశాను. జనం ఆ నాలుగు అక్షరాలకీ వేరే అర్థం చెప్పుకున్నారు. నెవర్ ఎక్స్‌పెక్ట్ పవర్ ఆల్వేస్. కరెంటు ఎప్పుడూ ఉంటుందని ఆశపడకు. 2005లో ప్రభుత్వం ఆ సంస్థ పేరు తీసేసి పీహెచ్‌సీఎన్ అని పెట్టింది. పవర్ హోల్డింగ్ కంపెనీ ఆఫ్ నైజీరియా. కరెంటు మాత్రం రాలేదు. జనం దానికీ అర్థం చెప్పారు. ప్రాబ్లమ్ హాజ్ చేంజ్డ్ నేమ్. కష్టం పేరు మార్చుకుంది."

ఇందులో మూడు సంగతులు గమనించండి. ముడి ముందే విప్పాను: చమురున్న దేశం, కరెంటు లేని ఇల్లు. జోకు అయ్యాక విప్పితే అది పాఠం అవుతుంది. పేరు మార్చింది ప్రభుత్వమని, అర్థం చెప్పింది జనమని విడివిడిగా చెప్పాను. అంటే ఆ జోకులో తెలివైనవాళ్ళు జనమే. చివరి మాట తెలుగులో చెప్పి నోరు మూసుకున్నాను. "కష్టం పేరు మార్చుకుంది" అన్నాక ఒక్క మాట కూడా కలపకండి. గట్టు మీద ఎవరో ఒకరు "మన బోర్డుకీ పేర్లు మారాయి కదండీ" అంటారు. 1999లో మన విద్యుత్ బోర్డును ముక్కలు చేసి కొత్త పేర్లు పెట్టినప్పటి సంగతి పెద్దవాళ్ళకి గుర్తే. ఆ మాట వాళ్ళ నోటి నుంచి రావాలి. మీరు అందించకూడదు.

నా వృత్తికి దగ్గరిది కాబట్టి జనరేటరు గురించి కాస్త ఎక్కువ చెబుతాను. లాగోస్‌లో బీదవాళ్ళు కొనుక్కునే చిన్న జనరేటరు ఒకటుంది. టూ స్ట్రోక్ ఇంజను, పెట్రోల్లో ఆయిలు కలిపి పోయాలి. చేత్తో ఎత్తుకుపోవచ్చు. ఒక ఫ్యాను, రెండు బల్బులు, టీవీ లాగుతుంది. దానికి జనం పెట్టిన పేరు "ఐ బెటర్ పాస్ మై నైబర్". పక్కింటోడికన్నా నేనే మెరుగు. కంపెనీ పేరు చెబితే దుకాణంవాడు తడుముకునేవాడు, ఈ పేరు చెబితే వెంటనే తీసిచ్చేవాడు. అంత స్థిరపడిపోయింది. ఆ పేరులో ఎంత ఆకలి ఉందో చూడండి. ఊరంతా చీకట్లో ఉంటే తన గదిలో ఒక్క బల్బు వెలగడమే మనిషికి గొప్ప. 2012 జనవరి 1న పెట్రోలు లీటరు 65 నైరాల నుంచి ఒక్కసారిగా 141కి పోయింది. దేశమంతా రోడ్డెక్కింది. ఆ వారం మా వీధిలో ఆ చిన్న జనరేటర్లన్నీ నోరు మూసుకున్నాయి. అందరూ పక్కింటోళ్ళతో సమానమైపోయారు. నాతో పనిచేసే యోరుబా తెగ వెల్డరు ఆ మాటే అన్నాడు: "ఓగా, ఇవాళ ఎవడూ ఎవణ్ణీ పాస్ అవలేదు." ఓగా అంటే అక్కడ పెద్దాయన, మేస్త్రి, దొర, అన్నీ.

ఈ జోకు చెప్పేటప్పుడు పొగ సంగతి కూడా చెప్పాలి. దొంగల భయానికి జనరేటరు ఇంట్లోనో వరండాలోనో పెట్టుకుని తలుపులు బిగించుకుంటే ఆ పొగకి కుటుంబాలకి కుటుంబాలు నిద్రలోనే పోయిన వార్తలు నేనున్నప్పుడు ఎన్నోసార్లు విన్నాను. అది చెప్పకపోతే "పక్కింటోడికన్నా నేనే మెరుగు" అన్నది సరదా పేరైపోతుంది. చెబితే దాని బరువు తెలుస్తుంది. నవ్వు కాస్త తగ్గుతుంది, తగ్గనివ్వండి.

ఆ తర్వాత "అప్ నేపా!" చెప్పండి. కరెంటు వచ్చిన క్షణాన వీధిలో పిల్లలందరూ ఒక్కసారిగా అరిచే కేక అది. వాళ్ళతోపాటు మేమూ అరిచేవాళ్ళం. సంస్థ పేరు మారిన తర్వాత కూడా కేక మారలేదు. దీన్ని చివర పెట్టమనడానికి కారణం ఉంది. చీకటితో మొదలైన కబురు వెలుగుతో ఆగాలి. పోయిన వేసవిలో నేనిది చెబితే ముమ్మిడివరం వైపు చెరువులున్న ఒక బాబాయి, అప్పటిదాకా మాట్లాడనాయన, "ఏరియేటర్లు ఆగి రొయ్య పైకి తేలుతుంటే, అర్ధరాత్రి నీ జనరేటరు అంటుకున్నప్పుడు నేనూ అలాగే అరిచాన్రా అబ్బాయ్" అన్నాడు. జోకు చేరిందని తెలిసేది అలాగే. వినేవాడు తన కష్టం తీసి పక్కన పెడతాడు. ఊరికే నవ్వి వెళ్ళిపోతే చేరనట్టు.

ఘనాలో ఇదే బాధకి ఒక్క మాట ఉంది: "దుమ్‌సోర్". వాళ్ళ ట్వీ భాషలో ఆర్పు, వెలిగించు. 2012 నుంచి మూడు నాలుగేళ్ళు అక్కడ కరెంటు అలా ఆడుకున్నప్పుడు ఆ మాట దేశమంతా పాకింది. దీన్ని అనువదించకండి. మనవాళ్ళు రెండుసార్లు వింటే నోటికి పట్టేస్తుంది.

మాటల విషయంలో నా పద్ధతి ఇదీ. మనకి చుట్టం మాట ఉంటే రెండూ పక్కపక్కన పెడతాను. కెన్యాలో లంచాన్ని "చాయ్" అంటారు, లేకపోతే "కితు కిదోగో", అంటే చిన్నదేదో. మన "టీ డబ్బులు" పక్కన పెట్టండి, ఇంకేం చెప్పక్కర్లేదు. కాంగోలో లింగాల భాషలో "మదేసు యా బానా" అంటారు. పిల్లలకి చిక్కుడుగింజలు అని అర్థం. లంచం అడిగేవాడు తన పిల్లల ఆకలి చూపిస్తున్నాడు. మన "ఆమ్యామ్యా" కూడా చంటిపిల్లకి గోరుముద్ద పెట్టేటప్పటి చప్పుడే కదా. ఆ రెంటినీ కలిపి చెప్పిన రోజు మా గట్టు మీద రిటైరైన మాస్టారొకాయన చాలాసేపు తల ఊపుతూ కూర్చున్నారు. కామెరూన్‌లో ఉద్యోగుల గురించి ఒక సామెత ఉంది: మేకని ఎక్కడ కడితే అక్కడే మేస్తుంది. ఇది తెలుగు సామెతే అని మీతో పందెం కాస్తారు కూడా.

ఒక చోట మాత్రం జాగ్రత్త. స్వాహిలీలో "వా" అని ముందు చేరిస్తే ఒక జాతి మనుషులని అర్థం. స్వాతంత్ర్యం వచ్చాక బెంజి కార్లు ఎక్కిన మంత్రుల్నీ అధికారుల్నీ జనం "వాబెంజి" అన్నారు. బెంజి తెగ. ఎంత ముచ్చటైన మాటో! దీన్ని "బెంజి కులం" అని మాత్రం అనకండి. తెగ వేరు, కులం వేరు. పైగా మన దగ్గర కులం మాట పడగానే సగం ముఖాలు బిగుసుకుంటాయి, కబురు ఇంకెటో పోతుంది. "బెంజీవాళ్ళు" అంటే చాలు.

కాంగోది ఇంకొకటి చెప్పాలి. అక్కడ ఏ కష్టమొచ్చినా "ఆర్టికల్ 15" అంటారు. రాజ్యాంగంలో 15వ అధికరణం ప్రకారం "నీ తంటాలు నువ్వు పడు" అని అర్థం. అలాంటి అధికరణం ఏ రాజ్యాంగంలోనూ లేదు. నియంత మొబుటు 1965 నుంచి 1997 దాకా ఏలిన రోజుల్లో జీతం రాని గుమాస్తా, మందు దొరకని రోగి, బస్సు రాని ప్రయాణికుడు అందరూ దాని ప్రకారమే బతికారు. ఇది చెప్పేటప్పుడు ముఖం మామూలుగా పెట్టుకుని, నిజంగా చట్టం చదువుతున్నట్టే చెప్పాలి.

ఇక రాజకీయం. ఏ జోకైనా చెప్పేముందు దాని ముల్లు ఎటు తిరిగి ఉందో చూసుకోండి. పైకి, అంటే అధికారంలో ఉన్నవాళ్ళ వైపు తిరిగి ఉంటే చెప్పొచ్చు. ఈజిప్టువాళ్ళు ఇందులో ఆరితేరినవాళ్ళు. నాసర్ తర్వాత సాదత్ అధ్యక్షుడైనప్పటి జోకు: కారు నాలుగు రోడ్ల కూడలికి వచ్చింది. డ్రైవరు ఎటు వెళ్ళాలని అడిగాడు. "ఇక్కడ నాసర్ ఎటు వెళ్ళేవాడు?" అన్నాడు సాదత్. "ఎడమకండి." "అయితే ఎడమవైపు సిగ్నలు వేసి కుడికి తిప్పు." ముబారక్ 1981 నుంచి 2011 దాకా, ముప్ఫై ఏళ్ళు కుర్చీ దిగలేదు. ఆయన మీద జోకు ఇంకా చిన్నది. అవసానదశలో మంచం మీదున్నాడు. "అయ్యా, ప్రజలు మీకు వీడ్కోలు చెప్పడానికి వచ్చారు" అన్నారు. "ఎందుకు? ప్రజలు ఎక్కడికి వెళ్తున్నారు?" అన్నాడు.

ఈ జోకులో ముబారక్ పేరు తీసేసి మన నాయకుడి పేరు పెట్టాలని చెయ్యి దురద పుడుతుంది. పెట్టకండి. పెట్టగానే గట్టు మీద రెండు పార్టీలవుతాయి, ఒకరు నవ్వుతారు, ఇంకొకరు లేచి సైకిలెక్కుతారు. పేరు పెట్టకపోతే ఎవరికి వాళ్ళు తమకి తెలిసిన పేరు లోపల పెట్టుకుని అందరూ నవ్వుతారు.

నైజీరియావి రెండు త్వరగా చెప్పేయొచ్చు. 2014లో ఎకిటి రాష్ట్రం ఎన్నికలప్పుడు బియ్యం పంచడానికి "స్టమక్ ఇన్‌ఫ్రాస్ట్రక్చర్" అనే పేరొచ్చింది. రోడ్లు, వంతెనలు కావు, కడుపులో కట్టే నిర్మాణం. మన ఓటరుకి దీని మీద వ్యాఖ్యానం అక్కర్లేదు. 2018లో పరీక్షల బోర్డు ఆఫీసులో 3 కోట్ల 60 లక్షల నైరాలు లెక్క తేలకపోతే, ఆ డబ్బు పాము మింగిందని ఒక గుమస్తా చెప్పినట్టు వార్త వచ్చింది. ఒక సెనేటరు పాములవాళ్ళని వెంటబెట్టుకుని ఆ బోర్డు పెద్దాఫీసుకి వెళ్ళాడు. నా వెల్డరు స్నేహితుడు ఆ రోజు వాట్సాప్‌లో గొంతు రికార్డు చేసి పంపాడు, నవ్వలేక రొప్పుతున్నాడు. చివర్లో మాత్రం "ఆ పరీక్ష ఫీజులు మా తమ్ముడి లాంటోళ్ళు కట్టినవే ఓగా" అన్నాడు. ఆ చివరి మాట కూడా నేను వదలకుండా చెబుతాను. ఇనప త్రాసును ఎలుకలు తిన్న కథ మనకి ఉంది కాబట్టి పాము సంగతి ఎవరికీ కొత్తగా ఉండదు, ఫీజు కట్టిన తమ్ముడే గుర్తుంటాడు.

చేతికి ఇవ్వగలిగిన వస్తువుంటే మాటలు తగ్గించండి. నాతోపాటు లాగోస్‌లో పనిచేసిన జింబాబ్వే మెకానిక్కు నాకొక నోటు ఇచ్చాడు. 2009 జనవరిలో అచ్చేసిన నూరు ట్రిలియన్ జింబాబ్వే డాలర్ల నోటు. ఒకటి పక్కన పధ్నాలుగు సున్నాలు. మన లెక్కలో కోటి కోట్లు. ఆ నోటు ఎవరికైనా ఇచ్చి సున్నాలు లెక్కపెట్టమనండి. లెక్కపెడుతూనే నవ్వడం మొదలెడతారు. అప్పుడు చెప్పండి: ఆ ఏడాదే ఒక జింబాబ్వే పత్రిక తన ప్రకటనల్ని నిజం నోట్ల మీదే అచ్చేయించి గోడలకి అంటించింది, కాగితం కన్నా నోట్లే చౌక కాబట్టి. ఆ తర్వాత ఇంకొకటి చెప్పండి: జీవితాంతం దాచుకున్న పింఛను ఒక రొట్టెకి చాలని ముసలివాళ్ళు ఆ దేశంలో ఉన్నారు. ఆ నోటు ఇచ్చిన మనిషి తన నాన్న గురించే నాకిది చెప్పాడు. అతను కూడా ఆ నోటు చూపించి ముందు నన్ను నవ్వించాడు.

జోకుకి ఎంత ఖర్చయిందో కూడా చెప్పాలి. 2012లో జింబాబ్వే అధ్యక్షుడు ముగాబేకి 88 ఏళ్ళు నిండినప్పుడు, ఆయనకి బుడగలు ఊదేంత ఊపిరి ఉందా అని అన్నందుకు అక్కడ ఒకాయన్ని అరెస్టు చేశారు. అధ్యక్షుణ్ణి అవమానించడం అక్కడి చట్టంలో నేరం. కైరోలో గుండె ఆపరేషన్లు చేసే డాక్టరు బాసెమ్ యూసఫ్ టీవీలో నాయకుల మీద హాస్యం చేసి దేశమంతటికీ ఇష్టుడయ్యాడు, 2014లో దేశం విడిచి వెళ్ళాల్సి వచ్చింది. మనం గట్టు మీద వేరుశనక్కాయలు ఒలుచుకుంటూ చెప్పే మాట కోసం ఎవరో లాకప్పులో కూర్చున్నారని వినేవాళ్ళకి తెలియాలి. అంత ధైర్యం లేని చోట ఏం చేస్తారో ఇథియోపియా సామెత చెబుతుంది: పెద్దదొర వెళ్తుంటే తెలివైన రైతు నడుం వంచి దండం పెడతాడు, చప్పుడు కాకుండా పిత్తుతాడు. ఆడవాళ్ళు ఉన్నారనో పెద్దవాళ్ళు ఉన్నారనో ఆ మాటని మెత్తబరచకండి. అది ఉంటేనే సామెత.

చెప్పకూడనివి. కరువు మీద, ఎయిడ్స్ మీద, ఒంటి రంగు మీద, ఒక తెగని ఇంకో తెగ వెక్కిరించే జోకులు ఎంత నవ్వొచ్చినా చెప్పకండి. ఇది మర్యాద కోసం అనడం లేదు. రువాండాలో 1993లో మొదలైన ఆర్‌టీఎల్‌ఎమ్ రేడియో జనానికి ఎంతో నచ్చింది. మంచి పాటలు, వీధి భాష, హాస్యం. ఆ హాస్యంలోనే టుట్సీ తెగవాళ్ళని బొద్దింకలు అన్నారు. 1994 ఏప్రిల్ నుంచి జూలై లోపల దాదాపు ఎనిమిది లక్షలమందిని చంపేశారు, ఆ రేడియో వింటూనే. ముల్లు కిందికి తిరిగిన జోకు ఎక్కడిదాకా పోతుందో దానికన్నా నేను చెప్పగలిగింది లేదు. లాకుల దగ్గర "అడివి మనుషులు" అన్న కుర్రాడికి మర్నాడు నేను చెప్పింది ఇదే. అతను ఏమీ అనలేదు. ఆ తర్వాత ఆ మాట వాడలేదు.

ఎవరి జోకు వాళ్ళే ఎందుకు వేసుకోవాలో అర్థం కాకపోతే మా నాయనమ్మ మాట చెబుతాను. 1996 నవంబరు 6 రాత్రి తుపాను. తెల్లారి చూస్తే మా తోటలో కొబ్బరిచెట్టు ఒక్కటి నిలబడి లేదు. ఇంటి చూరు కింద మోకాళ్ళు పట్టుకుని కూర్చున్న నాయనమ్మ చాలాసేపు చూసి, "పోన్లే, ఈ ఏడు కాయల దింపు కూలి కలిసొచ్చింది" అంది. మేమంతా నవ్వాం. నవ్వుతూనే అమ్మ ఏడ్చింది. పదిరోజుల తర్వాత నష్టం చూడ్డానికి వచ్చిన ఒకాయన తోట చూసి "దింపు కూలి కలిసొచ్చిందిగా" అన్నాడు. సరిగ్గా అదే మాట. మా నాన్న చేతిలో గునపం ఉంది. పక్కవాళ్ళు పట్టుకున్నారు కాబట్టి సరిపోయింది.

ఇక ఆఖరిది. వాళ్ళ జోకులు తెచ్చుకుని ఊరుకోకండి, మనవీ పంపండి. నైజీరియాలో "ఎలా ఉన్నావు" అని అడగడానికి "హౌ బాడీ" అంటారు. బాగాలేకపోతే "బాడీ డే ఇన్‌సైడ్ క్లాత్" అంటారు. ఒళ్ళు బట్టల్లోనే ఉందిలే అని. నేను దానికి బదులుగా మన "ఏదో ఏడుస్తున్నాంలే" అన్నది నా వెల్డరు స్నేహితుడికి నేర్పాను. ఇప్పటికీ ఫోనెత్తగానే అదే అంటాడు, తెలుగులో. ఒకరోజు అతనికి నాయనమ్మ మాట చెప్పాను, నాకొచ్చిన పిడ్జిన్‌లో, అంటే వాళ్ళ కలగలుపు ఇంగ్లీషులో. ఫోను అవతల చప్పుడు లేదు. లైను తెగిందేమో అనుకున్నాను.

"ఎన్ని చెట్లు ఓగా?" అన్నాడు.

నలభై రెండు అన్నాను.

అప్పుడు నవ్వాడు.